వినకుండా పెట్టిన సంతకం

ప్రధానోపాధ్యాయుడి కుర్చీ మీద తగాదా కోర్టుకెక్కిందంటే చాలు, మన దగ్గర ఒక మాట సిద్ధంగా ఉంటుంది. ఈ నోటీసులు, ఈ సంజాయిషీలు, ఈ స్టేలు లేకపోతే బడులు ఎప్పుడో బాగుపడేవి అని. డైరెక్టరేట్‌లో కూర్చున్న అధికారి ఇదే అంటాడు. ఎయిడెడ్ స్కూలు కరెస్పాండెంటు ఇంకాస్త గట్టిగా అంటాడు. ఇన్‌చార్జి హెచ్‌ఎంల పాలనలో బడి నడుస్తున్న ఊళ్లో తల్లిదండ్రులు కూడా, పాపం, అదే నమ్ముతారు. హెచ్‌ఎంను పెట్టడం, తీయడం పరిపాలన వ్యవహారమట. అందులో వాదన వినడమనేది వకీళ్లు కనిపెట్టిన తంతు అట. తప్పు కళ్లెదుట కనబడుతుంటే వినడానికి ఏముందట. ఆ తంతు పాటించలేదన్న సాకుతో కోర్టులు ఉత్తర్వులు కొట్టేస్తుంటే నష్టపోయేది పిల్లలేనట.

పిల్లలు నష్టపోతున్న మాట నిజం. పదో తరగతి పరీక్షల ఏడాదిలో బడికి పూర్తికాలం హెచ్‌ఎం లేకపోవడం ఎంత నష్టమో ఏ ఉపాధ్యాయుణ్ని అడిగినా చెబుతాడు. ఇన్‌చార్జి తన క్లాసులు తాను చెప్పుకోవాలి, బిల్లులు చేయాలి, మధ్యాహ్న భోజనం చూడాలి, పై నుంచి అడిగిన ప్రతి వివరమూ ఆ పూటకే పంపాలి. నిన్నటిదాకా పక్క కుర్చీలో కూర్చున్న సహోద్యోగులను ఆజ్ఞాపించే నైతిక బలం ఆయనకు ఉండదు. రేపు మళ్లీ అదే కుర్చీలోకి వెళ్లాలి మరి. ఈ నష్టం గురించి నాకు పేచీ లేదు. దీన్ని తెచ్చిపెట్టింది వాదన వినడం అన్న మాటతోనే నా పేచీ. తెచ్చిపెట్టింది వినకపోవడం.

ఒక ఫైలు వెంట నడిచి చూద్దాం. ఫలానా హైస్కూల్ హెచ్‌ఎం మీద ఫిర్యాదు వస్తుంది. బియ్యం లెక్కల్లో తేడా అనో, ప్రత్యేక ఫీజుల సొమ్ము జమకాలేదనో. పై అధికారి కింది అధికారిని నివేదిక అడుగుతాడు. కింది అధికారి ఒక పూట బడికి వెళ్లి, ఇద్దరు ముగ్గురిని అడిగి, రెండు పేజీలు రాసి పంపుతాడు. ఆ రెండు పేజీలు హెచ్‌ఎంకు ఎన్నడూ కనబడవు. ఆయనకు కనబడేది మెమో మాత్రమే: మీపై ఎందుకు చర్య తీసుకోకూడదో మూడు రోజుల్లో తెలపండి. దేని గురించి తెలపాలో అందులో ఉండదు. ఆయన తన యూనియన్ మిత్రుణ్ని అడిగి నాలుగు పేజీల జవాబు ఇస్తాడు. తర్వాత వచ్చే ఉత్తర్వులో ఆ నాలుగు పేజీలకూ దక్కేది ఒక్క వాక్యం: సంజాయిషీ సంతృప్తికరంగా లేదు. ఎందుకు లేదో రాయరు. తర్వాతి సీనియర్‌కు పూర్తి అదనపు బాధ్యతలు అప్పగిస్తారు. హెచ్‌ఎం హైకోర్టుకు వెళతాడు.

కోర్టు అడిగే ప్రశ్నలు రెండే రెండు. నివేదిక ప్రతి ఆయనకు ఇచ్చారా? ఆయన జవాబును ఎందుకు తోసిపుచ్చారో ఎక్కడైనా రాశారా? ప్రభుత్వ న్యాయవాది దగ్గర జవాబు ఉండదు. కౌంటరు దాఖలుకు గడువు అడుగుతాడు, మరోసారి అడుగుతాడు. చివరకు ఉత్తర్వు రద్దవుతుంది, ఆయనకు అవకాశమిచ్చి చట్టప్రకారం కొత్తగా నిర్ణయం తీసుకోండి అన్న ఆదేశంతో. మర్నాడు పేపర్లో "హెచ్‌ఎంకు హైకోర్టులో ఊరట" అని వస్తుంది. ఆయన నిర్దోషి అని కోర్టు అనలేదు. ఆ సంగతి తేల్చవలసింది మీరే, తేల్చి రండి అంది. నివేదిక నకలు తీసి మెమోకు జతచేయడానికి పట్టే సమయం ఎంత? జవాబు చదివి ఒక పేజీ కారణాలు రాయడానికి? రెండు వారాల్లో తెమిలే పని చేయనందుకు సంవత్సరాలు పోతే, ఆ సంవత్సరాలను కోర్టు ఖాతాలో రాయడం ఏ లెక్క?

కోర్టుకు వెళ్లాక తీరిగ్గా కారణాలు చేర్చుకోవచ్చులే అనే ధీమా కూడా కొందరికి ఉంది. ఉత్తర్వు అందులో రాసిన కారణాల మీదే నిలవాలి, తర్వాత అఫిడవిట్లతో దానికి కొత్త కాళ్లు అతికించడం కుదరదని మొహిందర్ సింగ్ గిల్ కేసులో సుప్రీంకోర్టు న్యాయమూర్తి కృష్ణయ్యర్ రాసింది 1977లో. దాదాపు యాభై ఏళ్లవుతున్నా మన కార్యాలయాల్లో ఉత్తర్వుల ముసాయిదాలు మాత్రం మారలేదు.

ఇదంతా ఎక్కడో ఇంగ్లండు నుంచి దిగుమతి చేసుకున్న సోకు అనుకునేవారికి కృష్ణా జిల్లా కథ ఒకటి చెప్పాలి. 1950ల చివర ఆ జిల్లాలో ప్రైవేటు బస్సుల రూట్లను ప్రభుత్వ రోడ్డు రవాణా సంస్థకు అప్పగించే పథకం తయారైంది. బస్సుల యజమానులు అభ్యంతరాలు చెప్పుకున్నారు. వాటిని విన్నది రవాణా వ్యవహారాలు చూసే కార్యదర్శి. పథకాన్ని ఆమోదించింది ముఖ్యమంత్రి. గుళ్లపల్లి నాగేశ్వరరావు, ఆయనతోపాటు మరికొందరు సుప్రీంకోర్టుకు వెళ్లారు. 1958 నవంబరులో ఆ ఆమోదం రద్దయింది. తీర్పు రాసింది కోకా సుబ్బారావు, ఆంధ్రప్రదేశ్ హైకోర్టు తొలి ప్రధాన న్యాయమూర్తి, తర్వాత భారత ప్రధాన న్యాయమూర్తి అయినవాడు. ఆయన తర్కం చదువురానివాడికైనా అర్థమవుతుంది. ఒకరు విని మరొకరు నిర్ణయిస్తే విన్నదానికి విలువేమిటి? పైగా విన్న కార్యదర్శి ఆ తగాదాలో ఒక పక్షమైన శాఖకు అధిపతి. అలాంటివాడి ఎదుట చెప్పుకున్నది న్యాయంగా విన్నట్టు ఎలా అవుతుంది?

ఈ కథలో రెండో సగాన్ని ఎవరూ చెప్పరు. నాకు ముఖ్యం అదే. తీర్పు తర్వాత ప్రభుత్వం ముఖ్యమంత్రి చేతనే అభ్యంతరాలు వినిపించి, పథకాన్ని మళ్లీ ఆమోదించింది. యజమానులు మళ్లీ సుప్రీంకోర్టుకు వెళ్లారు. ముఖ్యమంత్రి జాతీయీకరణను ముందే సమర్థించారు కాబట్టి ఆయనకు పక్షపాతం ఉందన్నారు. కోర్టు ఒప్పుకోలేదు. విధానాన్ని సమర్థించడం వేరు, ఎదుటి మనిషి మీద ముందే మనసు మూసుకోవడం వేరు అంది. 1959లో పథకం నిలిచింది. అంటే సరిగా విన్న ప్రభుత్వం మరుసటి ఏడాదికల్లా గెలిచింది. వినడం పరిపాలనను స్తంభింపజేస్తుందనేవారు ఈ రెండు తీర్పులూ పక్కపక్కన పెట్టుకుని చదవాలి.

"తప్పు స్పష్టంగా ఉన్నప్పుడు" అనే వాదన మాత్రం దానికదే గట్టిది. దాన్ని చులకన చేయను. సొమ్ము కాజేశానని ఒప్పుకున్నవాడికి మళ్లీ నోటీసు ఎందుకు? ఫలితం మారనప్పుడు ఈ ప్రయాస ఎందుకు? కోర్టులు కూడా ఈ వాదన వైపు కొంత జరిగాయి. 1980లో న్యూఢిల్లీ మునిసిపల్ కమిటీని రద్దుచేసిన కేసులో మన ఒ. చిన్నప్పరెడ్డి రాసిన తీర్పు, అవకాశం ఇవ్వకపోవడమే ఒక నష్టం, దానికి వేరే రుజువు అక్కర్లేదు అంది. అయితే ఒప్పుకున్న వాస్తవాల మీద ఒకే నిర్ణయం సాధ్యమైనప్పుడు కోర్టు వృథా ఆదేశాలు ఇవ్వకపోవచ్చనీ అంది. 1993లో హైదరాబాదులోని ఈసీఐఎల్ మీద ఒక ఉద్యోగి వేసిన కేసు మరో మెట్టు దిగింది. విచారణాధికారి నివేదిక ప్రతిని ఉద్యోగికి ఇచ్చి తీరాలంటూనే, ఇవ్వనంత మాత్రాన ఉద్యోగం దానంతటదే తిరిగి రాదు, ఇవ్వనందువల్ల అతనికి నష్టం జరిగిందా అని చూడాలి, జరిగితే ఆ దశ నుంచి విచారణ మళ్లీ సాగించాలి అంది. కోర్టులు చాదస్తంతో అన్నిటినీ కొట్టేస్తున్నాయని వాపోయేవారికి ఈ ఉదారత కనబడకపోవడం చిత్రం.

ఇక్కడే అసలు మెలిక ఉంది. "విన్నా లాభం లేదు" అని తేల్చవలసింది ఎవరు? 2020లో ఉత్తరప్రదేశ్ ప్రభుత్వానికీ సుధీర్ కుమార్ సింగ్‌కూ మధ్య టెండరు కేసులో సుప్రీంకోర్టు న్యాయమూర్తి నారిమన్ పాత తీర్పులన్నిటినీ ఒకచోట చేర్చి చూశారు. నష్టం జరగనిచోట ఉత్తర్వు రద్దు కానక్కర్లేదని ఒప్పుకున్నారు. కానీ ఆ తేల్పు కోర్టుది, వినడానికి నిరాకరించిన అధికారిది కాదు అని స్పష్టం చేశారు. మన కార్యాలయాలు మొదటి సగాన్ని పట్టుకుని రెండో సగాన్ని వదిలేశాయి. ఫైలు మీద కూర్చున్న అధికారే "ఇతను ఏం చెప్పినా మారేది లేదు" అనుకుంటే, ఆ అనుకోవడమే మూసుకున్న మనసుకు రుజువు. బియ్యం తేడా వచ్చిన బస్తాలు ఎవరి సంతకంతో దిగాయి, ఆ వారం హెచ్‌ఎం శిక్షణ కోసం జిల్లా కేంద్రంలో ఉన్నాడా, తాళంచెవి ఎవరి దగ్గరుంది అనే సంగతులు అతను చెబితేనే తెలుస్తాయి. వినడం అతనికి చేసే దయ అనుకోవడం వల్లే ఇదంతా తంతులా కనిపిస్తోంది. నిర్ణయించేవాడికి వాస్తవం తెలిసే దారి అదొక్కటే.

1967 నాటి బీనాపాణి దేయి కేసులో సమస్య ఇంతకన్నా చిన్నది. ఒడిశాలో ఒక ప్రభుత్వ వైద్యురాలి పుట్టినతేదీని ప్రభుత్వం తనంతట తాను వెనక్కి జరిపి, ముందుగా పదవీ విరమణ చేయించింది. ఇది శిక్ష కాదు, పరిపాలనా చర్య మాత్రమే అని వాదించింది. మనిషి బతుకు మీద పడే పరిపాలనా చర్య కూడా న్యాయంగానే జరగాలని సుప్రీంకోర్టు తేల్చింది. "ఇది పరిపాలన వ్యవహారం" అన్న గొడుగు ఆ రోజే చిరిగింది. ఇప్పటికీ దాన్నే పట్టుకుని వానలో నిలబడినవాళ్లను చూస్తే జాలేస్తుంది.

హక్కు మంచివాడికేనా అన్న గొణుగుడు కూడా వినబడుతుంటుంది. "వాడి సంగతి ఊరందరికీ తెలుసండీ." ఊరందరికీ తెలిసిన విద్యాసంస్థాధిపతి ఒకడు కేంబ్రిడ్జిలో ఉండేవాడు, ట్రినిటీ కళాశాల అధిపతి రిచర్డ్ బెంట్లీ. మహాపండితుడు, అంతకు మించిన తగాదాకోరు. తన కళాశాల వాళ్లతోనే దశాబ్దాలు పోట్లాడాడు. 1718లో విశ్వవిద్యాలయం విసిగిపోయి, అతని మాట వినకుండానే డిగ్రీలన్నీ పీకేసింది. 1720ల్లో కింగ్స్ బెంచ్ కోర్టు వాటిని తిరిగి ఇప్పించింది. ఆదామును కూడా దేవుడు పిలిచి అడిగాకే తోట నుంచి పంపాడని ఒక జడ్జి అన్న మాట అప్పటి నుంచి లా కాలేజీల్లో అరిగిపోయింది. ఆ మాట కన్నా నాకు నచ్చేది బెంట్లీ స్వభావం. ఆ కేసు గెలిచింది సాధువు కాదు. ఈ నియమం పుట్టిందే మనకు నచ్చనివాళ్ల కోసం. నచ్చినవాణ్ని ఎలాగూ పిలిచి కాఫీ ఇచ్చి మరీ వింటాం.

తొలగింపు నుంచి నియామకానికి వస్తే సంగతి కాస్త వేరు. ఒప్పుకోవలసింది ఒప్పుకుందాం. ఎంపిక కాని ప్రతి అభ్యర్థినీ పిలిచి "నిన్నెందుకు తీసుకోలేదంటే" అని వివరించమని ఏ చట్టమూ చెప్పదు. అక్కడ న్యాయం వేరే చోట ఉంటుంది: ఎంపిక చేసే బల్లకు అటువైపు ఎవరు కూర్చున్నారు, కొలమానం ముందే చెప్పారా, సీనియారిటీ జాబితా మీద అభ్యంతరాలు పిలిచి వాటికి జవాబు రాశారా అన్నచోట. 1969 నాటి క్రైపాక్ కేసు ఈ విషయంలో నాటకంలా ఉంటుంది. జమ్మూకశ్మీర్‌లో అటవీ సర్వీసుకు అధికారులను ఎంపిక చేసే బోర్డులో ఒక అధికారి సభ్యుడు. ఆయనే అభ్యర్థి కూడా. తన పేరు వచ్చినప్పుడు మర్యాదగా బయటికి వెళ్లాడు. పోటీదారుల పేర్లు వచ్చినప్పుడు మాత్రం లోపలే ఉన్నాడు. జాబితాలో ఆయన పేరే పైన ఉంది. సుప్రీంకోర్టు ఎంపిక మొత్తాన్ని కొట్టేసింది. పక్షపాతం జరిగిందని రుజువు చేయమనలేదు, జరిగే అవకాశం సహేతుకంగా కనిపిస్తే చాలంది. ప్రిన్సిపాల్ పోస్టుకు కరెస్పాండెంటు అల్లుడు అభ్యర్థిగా ఉన్నచోట మామగారే ఇంటర్వ్యూ మార్కులు వేసే సంప్రదాయం మన దగ్గర లేదని గుండె మీద చెయ్యి వేసుకుని ఎవరైనా చెప్పగలరా?

అభ్యర్థుల పక్షాన కూడా ఆటలు లేకపోలేదు. బోర్డులో ఫలానావారు తన ప్రత్యర్థికి కావలసినవాళ్లని తెలిసీ నోరు మెదపకుండా ఇంటర్వ్యూకు కూర్చుని, ఓడిపోయాక గగ్గోలు పెట్టేవాళ్లున్నారు. 1976లో లక్నో విశ్వవిద్యాలయ ప్రొఫెసరు పోస్టు విషయంలో డాక్టర్ జి. సారణ ఇదే దారిన వెళ్లి సుప్రీంకోర్టులో ఓడిపోయారు. అభ్యంతరం ఉంటే ముందే చెప్పాల్సింది అంది కోర్టు. సరైన మాటే. చట్టం అభ్యర్థికి అప్పనంగా అన్నీ ఇస్తోందనేవారు దీన్నీ గుర్తు పెట్టుకోవాలి.

యాజమాన్యాల వాదన ఒకటి మిగిలింది. మా బడి, మా ప్రిన్సిపాల్, మా ఇష్టం అంటారు. అల్పసంఖ్యాక వర్గాల సంస్థల విషయంలో ఇందులో చాలా నిజముంది. కేరళలోని ఒక హైస్కూల్ సీనియర్ ఉపాధ్యాయుడు అమ్మద్ వేసిన కేసులో 1998లోనూ, మలంకర సిరియన్ కాథలిక్ కళాశాల కేసులో 2006లోనూ సుప్రీంకోర్టు చెప్పింది అదే: అర్హతలున్నవారిలో నుంచి తమకు నచ్చిన అధిపతిని ఎంచుకోవడం 30వ అధికరణం ఇచ్చిన పరిపాలనా హక్కులో ముఖ్య భాగం, సీనియారిటీ దానికి అడ్డు కాదు అని. కానీ రెండో తీర్పులోనే, సిబ్బంది సంక్షేమం కోసం, ఉద్యోగ భద్రత కోసం పెట్టే సేవా నిబంధనలు ఈ సంస్థలకూ వర్తిస్తాయని ఉంది. ఎంచుకునే స్వేచ్ఛ వేరు, ఎంచుకున్నవాణ్ని ఒక సాయంత్రం గేటు బయట నిలబెట్టే స్వేచ్ఛ వేరు.

మన 1982 నాటి విద్యాచట్టంలో 79వ సెక్షన్ ప్రైవేటు విద్యాసంస్థల ఉద్యోగుల కోసమే రాసింది. అభియోగాలు చెప్పాలి, వాటిపై చెప్పుకునే అవకాశం ఇవ్వాలి, ఆ తర్వాతే తొలగింపైనా, హోదా తగ్గింపైనా. సస్పెన్షన్‌కూ గడువు ఉంది, మామూలుగా రెండు నెలలు. ఆ సెక్షన్ చదివిన ప్రిన్సిపాళ్లు కొద్దిమంది. చదివిన కరెస్పాండెంట్లు ఇంకా కొద్దిమంది. తొలగింపు ఉత్తర్వుకు బదులు "స్వచ్ఛంద రాజీనామా" కాగితం మీద సంతకం తీసుకునే పద్ధతి బహుశా అందుకే అంతగా వృద్ధి చెందింది.

ఈ తగాదాలన్నీ వాదన వినకపోవడం వల్లే వచ్చాయని నేను అనను. రెండు తెలుగు రాష్ట్రాల్లో హెచ్‌ఎం, ఎంఈఓ, ఉప విద్యాధికారి పోస్టుల పదోన్నతులను ఏళ్ల తరబడి చుట్టుకున్న ఏకీకృత సర్వీసు వివాదం వేరే జాతిది. ప్రభుత్వ బడుల టీచర్లు, పంచాయతీరాజ్ టీచర్లు ఒకే జాబితాలోకి వస్తారా రారా అన్నది రాజ్యాంగంలోని 371-డి అధికరణం కింద వచ్చిన రాష్ట్రపతి ఉత్తర్వులతో ముడిపడిన ప్రశ్న. 2017లో తెచ్చిన సవరణ ఉత్తర్వులను 2018లో ఉమ్మడి హైకోర్టు కొట్టేసింది. పై పోస్టుల్లో ఇన్‌చార్జిలు పాతుకుపోవడానికి అది పెద్ద కారణం. అక్కడ లోపం నిబంధనలు రాసిన తీరులో ఉంది. దాన్ని తెచ్చి సంజాయిషీ నోటీసుల ఖాతాలో కలిపేయడం అత్త మీద కోపం దుత్త మీద చూపడమే.

నిజానికి ఆలస్యం గురించి మాట్లాడే హక్కు ప్రభుత్వానికి ఎంతుందో కూడా చూడాలి. ఉద్యోగుల కేసులు త్వరగా తేలాలని 371-డి కింద ఆంధ్రప్రదేశ్‌కు ప్రత్యేకంగా పరిపాలనా ట్రిబ్యునల్ ఇచ్చారు. ఆ అధికరణంలోనే ఐదో క్లాజు ఒకటి చేర్చారు. ట్రిబ్యునల్ ఇచ్చిన తీర్పును రాష్ట్ర ప్రభుత్వం మార్చవచ్చు, రద్దు చేయవచ్చు! కేసులో ఓడిన పక్షమే తీర్పును కొట్టేసే ఏర్పాటు ఇంకెక్కడైనా ఉందేమో నాకు తెలియదు. పి. సాంబమూర్తి కేసులో 1986 డిసెంబరులో సుప్రీంకోర్టు దాన్ని రాజ్యాంగ మౌలిక స్వరూపానికి విరుద్ధమని కొట్టేసింది. రాష్ట్ర విభజన తర్వాత ఆ ట్రిబ్యునల్‌నే రెండు రాష్ట్రాలూ వదిలించుకున్నాయి. ఉద్యోగుల కేసుల మూటలు హైకోర్టుల మీద పడ్డాయి. వరుసను పొడిగించినవాళ్లే వరుస పొడుగైందని విసుక్కుంటున్నారు.

చివరగా వినబడే సాకు, అధికారికి తీరిక లేదన్నది. జిల్లాలో వందల బడులు, వేల టీచర్లు, ఒక్క అధికారి ఎంతమందిని పిలిచి వింటాడు? నిజమే, వినలేడు. ప్రతి చిన్న వ్యవహారానికీ మనిషిని ఎదురుగా కూర్చోబెట్టి వినమని చట్టం కూడా అడగదు. రాతపూర్వక జవాబును శ్రద్ధగా చదివి కారణాలు రాసినా చాలాచోట్ల సరిపోతుంది. అది కూడా కుదరదంటే, వినే అధికారికే నిర్ణయాధికారం ఇవ్వాలి. ఉప విద్యాధికారి విన్నాడా, కారణాలు ఆయనే రాయాలి, సంతకం ఆయనే పెట్టాలి, అప్పీలు జిల్లా అధికారికి వెళ్లాలి. సర్వీసు నిబంధనల్లో ఎవరికి ఏ అధికారమో చెప్పే పట్టికను సవరిస్తే సరిపోయే పని ఇది. ఏ శాఖా ఆ సవరణకు తొందరపడకపోవడానికి కారణం తీరిక లేకపోవడం కాదు. వినే పని కిందికి పంపడానికి ఎవరికీ అభ్యంతరం లేదు. సంతకాన్ని పంపడానికే మనసొప్పడం లేదు.